“లోపరచుకొనుడి”: పకారమా, బకారమా?

బండిర: బైబిల్లో ఆదికాండం 1:28 నోట్లో నానుతోంది. నా చెవికి పట్టింది “భూమిని నిండించి దానిని లోబరచుకొనుడి”. అచ్చులో “లోపరచుకొనుడి”. ఏది సాధువు?

అరసున్న: ‘లోను’ ద్రుతాంతం, అంటే నకారంతో ముగిసే మాట. దాని మీది పరుషం (క, చ, ట, త, ప) సరళం (గ, జ, డ, ద, బ) అవుతుంది: లోఁబడు, లోఁబఱచు. అరసున్న రాలిపోయినా బకారం నిలవాలిగా!

తాటాకు: ఎఫెసీ 5:22లో “లోబడియుండుడి” అని బకారమే వేశారు. ‘పరచు’ దగ్గరే జారింది. పకారంతో చదివితే ‘లోపం చేయండి’ అన్నట్టుంది. ఇప్పటి ఏరుల్ని చూస్తే అదే పాటించినట్టున్నారు.

కావలి: అక్షరం సరే, అర్థమో? ఇక్కడి హీబ్రూ మూలపదం ‘కాబష్’ మెత్తటి మాట కాదు. యిర్మీయా 34:11లో, విడిచిపెట్టిన దాసుల్ని మళ్లీ లోబరచుకోవడానికి వాడిందీ అదే. 1967 వ్యాసంలో చరిత్రకారుడు లిన్ వైట్ పర్యావరణ సంక్షోభపు వేళ్లు పాశ్చాత్య క్రైస్తవంలో వెతికింది ఊరికే కాదు.

అరసున్న: వైట్‌ని సగమే చదివారు. అదే వ్యాసం చివర అస్సీసీ ఫ్రాన్సిస్‌ని పర్యావరణవేత్తల పాలక పునీతుడిగా ప్రతిపాదించాడు. 1979లో రెండో జాన్ పాల్ పోపు అలాగే ప్రకటించారు. పైగా 1:29లో ఆహారంగా ఇచ్చింది గింజలూ పండ్లూ. మాంసానికి సెలవు 9:3లో, జలప్రళయం తర్వాతే. చంపి తినే హక్కు లేని ఏలుబడి అది.

తాటాకు: అదే 1:28లోని ‘ఏలు’లో అధికారమొక్కటేనా? “నన్నేలుకో” అని వేడుకునేది తొక్కమని కాదుగా. దాని హీబ్రూ మూలం ‘రాదా’ అంతే. లేవీయకాండం 25:43లో దానికి ‘కఠినంగా’ అని చేర్చి మరీ నిషేధించారు. క్రియలోనే కాఠిన్యముంటే ఆ విశేషణం దండగ.

కావలి: మెత్తని క్రియైతే నిషేధమెందుకండీ? మీ వాదానికి బలం కావాలంటే ఆదికాండం 2:15కి రండి: “సేద్యపరచుటకును దాని కాచుటకును”. ఈ ‘కాచు’ హీబ్రూలో ‘షామర్’. 4:9లో కయీను అడిగిన ‘కావలివాడనా’ కూడా ఆ ధాతువే. ఎలా కాయాలో లేవీ 25 చెబుతుంది: ఏడో ఏట విత్తకూడదు, ద్రాక్షతీగ కత్తిరించకూడదు, దానంతటది పండింది దాసుడికీ పరదేశికీ పశువులకీ అడవి మృగాలకీ. ఎగ్గొడితే? 2 దినవృత్తాంతాలు 36:21. డెబ్బై ఏళ్ల బబులోను చెరలో భూమి ఆ బాకీ వసూలు చేసుకుంది.

బండిర: పకారం సంగతి?

తాటాకు: ద్వితీయోపదేశకాండం 22:6 మరిచారు. గూటిలో పిల్లల్ని తీసుకున్నా తల్లిని వదిలేయాలి. తల్లి పోతే మళ్లీ గుడ్లుండవు. గూడంటే కవి జాషువా ‘గిజిగాడు’ ఖండిక గుర్తురావాలి ఎవరికైనా.

అరసున్న: నా ఓటు ఆయన ‘సాలీడు’కే. ఆ నేతపని వర్ణన ముందు గిజిగాడు కూడా దిగదుడుపే.

కావలి: సాలీడు నేసేది వేటకండీ. కాబష్‌కి అంతకంటే మంచి ఉదాహరణ దొరకదు.