ఆల్ఫాకాల్సిడాల్‌లో ‘కాలు’ ఉందా?

పెదవాల్తేరు కోడలు:
పద్యాలూ జాతీయాలూ నడిచే చోట మందు పేరు అడుగుతున్నాను, విసుక్కోకండి. మా అత్తయ్యగారికి మూత్రపిండాలు సరిగా పనిచేయడం లేదని డాక్టరుగారు రాసిన చీటీలో ‘ఆల్ఫాకాల్సిడాల్ 0.25 మైక్రోగ్రాములు’ అని ఉంది. ఆవిడకు ఇంగ్లీషు రాదు. అందుకని మందుల దుకాణం అబ్బాయి కవరు మీద తెలుగులో ‘ఆల్ఫా కాల్ సిడల్’ అని మూడు ముక్కలుగా రాసిచ్చాడు. ఆవిడ కళ్లజోడు పెట్టుకుని నడిమి ముక్క చదివి, ఇది మోకాళ్ల నొప్పుల మాత్ర అని తేల్చేశారు. కాల్ అంటే కాలే కదా! నొప్పి లేని రోజు మానేస్తున్నారు. మొన్న సింహాచలం వెళ్లొచ్చి, కాళ్లు పీకుతున్నాయని రెండు వేసుకోబోతే చేయి పట్టుకుని ఆపాను. ఈ మాటకు అసలు అర్థమేమిటి? తెలుగులో ఎలా రాస్తే ఈ తిరకాసు తప్పుతుంది?

మద్దిలపాలెం మాస్టారు:
ఆపి మంచి పని చేశారమ్మా. ఎన్ని మాత్రలు, ఎప్పుడు వేసుకోవాలి అన్నది డాక్టరుగారి నోటనే ఆవిడకు మళ్లీ చెప్పించండి. మాట సంగతి మేము చూస్తాం.

తప్పంతా విరుపులో ఉంది. ఈ పేరును ఆల్ఫా, కాల్సి, డాల్ అని విరవాలి. దుకాణం అబ్బాయి ‘సి’ని లాక్కెళ్లి తర్వాతి ముక్కకు అంటించాడు, దాంతో ఇవతల కాలు మిగిలింది. ‘కాల్సి’ అన్నది కాల్షియం తాలూకు ముక్క. లాటిన్‌లో సున్నాన్ని ‘కల్క్స్’ అంటారు. 1808లో హంఫ్రీ డేవీ సున్నంలోంచి ఒక లోహాన్ని వేరుచేసి, ఆ మాటకే తోక తగిలించి కాల్షియం అని పేరు పెట్టాడు. మన పరిభాషలో దీన్ని ఖటికం అన్నారు, ఖటిక అంటే సుద్ద. మంచి మాటే, పుస్తకం గడప దాటలేదు.

గాజువాక విశ్రాంత ఉద్యోగి:
మాస్టారూ, నేను ఉక్కు కర్మాగారంలో చాలా ఏళ్లు పనిచేశాను. జగ్గయ్యపేట గని నుంచి వచ్చే సున్నపురాయిని మా దగ్గర బట్టీల్లో కాలుస్తారు. ఆ పనిని కాల్సినేషన్ అంటారు. రాయిని కాల్చితే సున్నం. కాల్సి, కాల్చి! ఇంతకన్నా రుజువు ఏం కావాలి? సముద్రం మీద వ్యాపారం చేసినవాళ్లం, మన మాట ఓడెక్కి రోముకు వెళ్లి ఉంటుంది. మన తీరంలో గుల్లలు కాల్చి సున్నం చేయడం ఈనాటిదా?

మద్దిలపాలెం మాస్టారు:
మీరు చెప్పిన బట్టీ నిజం, గుల్లసున్నం నిజం, కాల్సినేషన్‌కు కల్క్స్ మూలమన్నదీ నిజం. ఓడ ఒక్కటే కట్టుకథ.

ప్రాచీన లాటిన్‌లో ‘సి’ అక్షరానికి ఎక్కడైనా ‘క’ ధ్వనే. వాళ్లు ‘కల్కిస్’ అని పలికారు. ఆ ‘కి’ కాస్తా చాలా కాలం తర్వాత యూరపు భాషల్లో ‘సి’ అయింది. అంటే మీకు ‘కాల్చి’లా వినిపిస్తున్న ధ్వని సీజరు కాలానికి పుట్టనే లేదు. ఇక మన వైపు చూడండి. ‘కాల్చు’లో చకారం ధాతువుది కాదు, అకర్మక క్రియను సకర్మకం చేసే ప్రత్యయం. కాలు, కాల్చు, కూలు, కూల్చు, పేలు, పేల్చు, మారు, మార్చు. ధాతువు ‘కాలు’ మాత్రమే. పోలికకు ఆధారమనుకున్న చకారం ఇటు ప్రత్యయమైంది, అటు సకారం కొత్తదైంది. చేతిలో ఏం మిగిలింది?

ఇంకొకటి. లాటిన్ కల్క్స్‌కు గ్రీకు ‘ఖాలిక్స్’ మూలమని పండితుల్లో ఎక్కువమంది అంటారు. దాని అర్థం గులకరాయి. కాల్చడం అన్న భావం ఆ మాట మొదట్లో లేదు. చిన్న గులకరాయి ‘కల్కులుస్’. రాళ్లు పేర్చి లెక్కలు కట్టేవాళ్లు కాబట్టి కాల్క్యులేటరు వచ్చింది. మూత్రపిండాల్లో రాయిని స్కానింగు కాగితం మీద కాల్క్యులస్ అని రాస్తారు, అదీ ఆ గులకరాయే.

భీమిలి మిత్రుడు:
గులకరాయి అన్నారు కాబట్టి అడుగుతున్నాను. కల్లుప్పులో ‘కల్లు’ రాయే కదా? తమిళంలోనూ కల్ అంటే రాయి. ఇక్కడ చకారం గొడవ కూడా లేదు.

మద్దిలపాలెం మాస్టారు:
ఈ ప్రశ్న వస్తుందని తెలుసు. ఇది గాజువాకవారి ఓడకన్నా గట్టిది, అందుకే మరీ ప్రమాదం. కల్లుప్పు, ఉప్పుకల్లు రెండింటిలోనూ ఉన్నది రాయే. ధ్వనీ అర్థమూ రెండూ కలిశాయి. అయినా ఒక్క జంట కలిసినంత మాత్రాన చుట్టరికం తేలదు. పారసీకంలో ‘బద్’ అంటే చెడు, ‘బద్‌నాం’ మనకూ తెలుసు. ఇంగ్లీషులో ‘బ్యాడ్’ అంటే చెడు. ఆ రెండు భాషలు దూరపు బంధువులే అయినా ఈ రెండు మాటలకు సంబంధం లేదు, ఉత్త కాకతాళీయం. ఒకే ధ్వని మార్పు పది మాటల్లో వరసగా కనిపిస్తే అప్పుడు మాట్లాడుకుందాం. ఇక ఎవరూ ఆయుర్వేదంలో నూరిన మందు ముద్దను అనే ‘కల్కం’ పట్టుకురావద్దని మనవి.

మన సున్నానికి మాత్రం పుట్టుక స్పష్టంగా ఉంది. సంస్కృతంలో చూర్ణం, ప్రాకృతంలో చుణ్ణం, మనకు సున్నం. అంటే పొడి. హిందీ ‘చూనా’ దీని తోబుట్టువు.

పరవాడ కెమిస్టు:
నేను ఫార్మా సిటీలో పనిచేస్తాను. ఇలాంటి పేర్లతోనే నా రోజు గడుస్తుంది, కానీ ఎవరూ వాటి అర్థం అడగరు. కాస్త ఎక్కువే రాస్తాను.

ఇది ఏ కంపెనీయో పెట్టుకున్న పేరు కాదు. ఒక మందుకు ప్రపంచమంతటా ఒకే సాధారణ నామం ఉండాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ జాబితాలు వేస్తుంది. మొదటి జాబితా 1953లో వచ్చింది. ఒకే తీరుగా పనిచేసే మందులకు పేరులో ఒకే ముక్క పెడతారు, ఇంటిపేరులాగా. విటమిన్ డి వర్గానికి ఆ ఇంటిపేరు ‘కాల్సి’. కాల్సిట్రయాల్, పారికాల్సిటాల్, కాల్సిపోట్రయాల్ అన్నీ ఆ ఇంటివే. వీటిలో చివరిది సోరియాసిస్ అనే చర్మవ్యాధికి రాసే పైపూత. కాల్సిట్రయాల్, కాల్సిపోట్రయాల్ ఒకదానికొకటి ఎంత దగ్గరగా వినిపిస్తాయో చూడండి. ఇంటిపేరు ఒకటైనా పని వేరు. పైగా ఇంటిపేరు కలిసినా ఇంటివాళ్లు కానివాళ్లూ ఉంటారు: కాల్సిటోనిన్ విటమిన్ డి కాదు, థైరాయిడ్ గ్రంథిలో పుట్టే హార్మోను.

ఇప్పుడు ‘ఆల్ఫా’. నా దృష్టిలో ఈ పేరు ప్రాణమంతా ఇందులోనే ఉంది. ఎండ తగిలితే మన చర్మంలో విటమిన్ డి తయారవుతుంది. ఎండకు విశాఖలో కరువు లేదు. కానీ అలా తయారైనది ఉన్నపళంగా పనికిరాదు. కాలేయం దాని అణువులో 25వ కార్బన్‌కు ఒక హైడ్రాక్సిల్, అంటే ఆక్సిజన్, హైడ్రోజన్‌ల జంట, తగిలిస్తుంది. తర్వాత మూత్రపిండం 1వ కార్బన్‌కు ఇంకొకటి తగిలిస్తుంది. అప్పుడుగానీ అది పేగుల్లో కాల్షియాన్ని లాగే పనికి సిద్ధం కాదు. ఈ చివరి పని మూత్రపిండానిదేనని 1970లో కేంబ్రిడ్జిలో ఫ్రేజర్, కోడిచెక్ చూపించారు. ఆ 1వ కార్బన్ దగ్గర హైడ్రాక్సిల్ కూర్చునే దిక్కును ఆల్ఫా అంటారు. బొమ్మ వేస్తే అణువుకు అడుగువైపు వస్తుంది.

మూత్రపిండం చేయలేని ఆ పనిని కర్మాగారంలో ముందే చేసి అణువులో పెట్టి ఇచ్చినదే ఆల్ఫాకాల్సిడాల్. ఇంట్లో పోపు పెట్టే మనిషికి ఒంట్లో బాగాలేకపోతే పోపు పెట్టిన పప్పునే తెప్పించుకున్నట్టు. ఉప్పు వేసే పని మాత్రం మిగిలి ఉంటుంది, అది కాలేయం చూసుకుంటుంది. ఉద్దానం నుంచి విశాఖ ఆసుపత్రులకు వచ్చే కిడ్నీ రోగుల చీటీల్లోనూ ఇలాంటి మందులు కనిపిస్తుంటాయి. మామూలు విటమిన్ డి ఇవ్వకుండా ఇదెందుకు అంటే జవాబు ఆ ‘ఆల్ఫా’లోనే ఉంది.

చివరి ‘డాల్’ను ‘డయాల్’కు కుదింపుగా చదివితే లెక్క సరిపోతుంది. అణువులో హైడ్రాక్సిల్‌లు రెండు. కాలేయం మూడోది చేర్చగానే అది కాల్సిట్రయాల్ అవుతుంది. ‘ట్రయాల్’ అంటే మూడు.

ఒక మాట అమ్మగారికి. ‘విటమిన్ డి మాత్రే కదా, ఒకటి ఎక్కువైతే ఏమవుతుంది’ అనిపిస్తుంది. వారానికొకటి వేసుకోమని కొందరికి రాసే 60,000 యూనిట్ల మామూలు డి3 బరువు 1500 మైక్రోగ్రాములు. మీ చీటీలో ఉన్నది 0.25. ఆరు వేల రెట్లు తేడా. పోపు పెట్టేసినది కాబట్టే అంత కొంచెం చాలు. మోతాదు మించితే రక్తంలో కాల్షియం పెరిగిపోతుంది. అందుకే మధ్యమధ్య రక్తపరీక్ష చేయిస్తారు.

పెదవాల్తేరు కోడలు:
కెమిస్టుగారూ, ‘పోపు పెట్టిన పప్పు’ అనగానే అత్తయ్యగారు ఫోను లాక్కుని ఇంకోసారి చదివించుకున్నారు. ధన్యవాదాలు. కానీ కొత్త చిక్కు వచ్చింది. ‘డయాల్’లో ‘ఆల్’ ఏమిటని మా అబ్బాయిని అడిగితే ఆల్కహాల్ అన్నాడట. శుక్రవారం పూట మందేమిటని ఇప్పుడు అసలు ముట్టుకోవడం లేదు.

పరవాడ కెమిస్టు:
అబ్బాయి చెప్పింది రసాయనశాస్త్రం ప్రకారం తప్పు కాదు, చెప్పిన చోటు తప్పు! హైడ్రాక్సిల్ అలా తగిలి ఉన్న పదార్థాలన్నిటినీ ఆల్కహాల్‌లు అంటాం. చలవకు వాడే పుదీనా పువ్వు, అంటే మెంథాల్, అదీ ఆల్కహాలే. కొలెస్టరాల్ కూడా. మత్తెక్కించేది ఆ పెద్ద కుటుంబంలో ఒక్క సభ్యుడు.

మద్దిలపాలెం మాస్టారు:
ఆవిడకు ఇంకో మాట కూడా చెప్పండి. ఆల్కహాల్ అన్నది అరబ్బీ ‘అల్ కుహ్ల్’. అంటే కళ్లకు పెట్టుకునే సుర్మా, మెత్తటి పొడి. యూరపులో అది మొదట ఏ మెత్తటి పొడికైనా చెల్లింది, తర్వాత మరిగించి ఆవిరి పట్టి తీసిన సారానికి, ఆ తర్వాత మద్యసారానికి మారింది. కాటుక లాంటిదే అని చెబితే శుక్రవారానికి అభ్యంతరం ఉండకపోవచ్చు.

నాకు ముచ్చటేసినది వేరే ఉంది. ఈ పేరులో నడిమి ముక్కను తెలుగు చేస్తే సున్నం, అంటే చూర్ణం, పొడి. చివరి ముక్కను తవ్వితే సుర్మా, అదీ పొడే. మందేమో గుళికలో నూనె.

సీతమ్మధార ప్రూఫ్‌రీడరు:
అర్థం మీరు చూశారు, రాత సంగతి నాకు వదిలేయండి. ఆరోగ్య వ్యాసాలు దిద్దుతుంటాను కాబట్టి ఇది నా రోజువారీ తలనొప్పి.

మొదటిది, మందు పేరును విడగొట్టకుండా ఒకే మాటగా రాయాలి. పంక్తి చివర చాలకపోతే ‘ఆల్ఫా’ తర్వాతే విరవండి. రెండోది అజంతం చేసే, అంటే మాట చివర అచ్చు చేర్చే అలవాటు. బస్, ఫోన్ మన నోట్లో బస్సు, ఫోను అయ్యాయి, చక్కగా ఇమిడాయి. అదే ఊపులో ఒకాయన ‘ఆల్ఫాకాల్సిడాలు’ అని రాశాడు. తెలుగులో ‘ఆలు’తో ముగిస్తే బహువచనంలా వినిపిస్తుంది. పుస్తకం, పుస్తకాలు, కాల్సిడం, కాల్సిడాలు! ‘కాల్సిడాలు వేసుకోండి’ అంటే ఎన్ని అని అడుగుతారు. కాబట్టి ఇక్కడ పొల్లుతో ఆపడమే మేలు. విభక్తి చేర్చేటప్పుడు కూడా పొల్లు చెదరకూడదు: ‘డాల్‌ను’ అని ఉండాలి. కంప్యూటరుకు వదిలేస్తే లకారం కింద నావత్తు వేలాడుతుంది.

మూడోది ఫకారం. గ్రీకు అక్షరం పేరుకు ఇంగ్లీషులో ‘పి, హెచ్’ రాస్తారు. ఈ మందుల జాబితాలో మాత్రం ‘ఎఫ్’ రాస్తారు, అన్ని భాషలవాళ్లకూ తేలికగా ఉండాలని. మనకు రెండింటికీ ‘ఫ’ ఒక్కటే దిక్కు. ఫలంలో ఒత్తు పకారంగా, ఫోనులో పెదవీ పన్నూ కలిపి పలికే ధ్వనిగా పాపం అది ఎప్పటినుంచో రెండు ఉద్యోగాలు చేస్తోంది.

భీమిలి మిత్రుడు:
ఇంతా చేసి ఈ మందుకు తెలుగు పేరు పెట్టరా? ‘ప్రథమాంగార ఖటిక ద్విమద్యసారం’ ఎలా ఉంది?

మద్దిలపాలెం మాస్టారు:
మధ్యలో ‘మద్యం’ ఉంది, పెదవాల్తేరులో ఒప్పుకోరు. మందు పేరును అలాగే ఉంచాలి నాయనా. పొరుగూరిలో ఏ దుకాణంలో అడిగినా అదే మందు చేతిలో పడాలి కదా. వివరణ తెలుగులో రాస్తే చాలు.

పెదవాల్తేరు కోడలు:
డాక్టరుగారితో మాట్లాడించాను. నొప్పితో నిమిత్తం లేకుండా రోజుకు ఒకటి, ఎక్కువా తక్కువా వద్దని ఆయన గట్టిగా చెప్పారు. ఎముకలకు మేలు చేసేదే గానీ నొప్పిబిళ్ల కాదన్నారు. ‘ఎముకలు కాళ్లలో లేవా?’ అని అత్తయ్యగారు అడిగారు, ఆయన నవ్వేశారు.

పాత కవరు పారేసి, ఒక చిన్న స్టీలు డబ్బా మూత మీద తెల్లకాగితం అంటించి పెద్దక్షరాలతో రాశాను:

ఆల్ఫాకాల్సిడాల్
కిడ్నీ చేయలేని పోపు
రోజుకు ఒక్కటే

ఆవిడ కళ్లజోడు పెట్టుకుని మూడు పంక్తులూ చదివారు. డబ్బా దేవుడి గూటి పక్కన పెట్టుకున్నారు. పెట్టుకుని, ‘సరే, మరి కాళ్ల మాత్ర ఏదీ?’ అన్నారు.