9 టీములు మారిన క్యాచర్‌కి ఆట వచ్చినట్టా, రానట్టా?

ప్రశ్న: బేస్‌బాల్‌లో ఎరిక్ క్రాట్జ్ అనే క్యాచర్ (బ్యాటర్ వెనకాల కూర్చుని బంతి పట్టేవాడు) అమెరికా టాప్ లీగ్ అయిన మేజర్ లీగ్‌లో 9 టీములకు ఆడాడట. ఇన్ని టీములు వదిలేశాయంటే ఆట అంతంతమాత్రమేగా? మరి మళ్లీ ఎందుకు తీసుకున్నట్టు?

జవాబు: వదిలేసినవి లెక్కేస్తున్నావు, పిలిచినవి కూడా 9 కదా బ్రో! 2002 డ్రాఫ్ట్‌లో (టీములు వంతులవారీగా కొత్త ఆటగాళ్లను ఎంచుకునేది) 29వ రౌండ్‌లో టొరంటో టీము తీసుకుంది, అక్కణ్నుంచి కింది స్థాయి మైనర్ లీగుల్లో ఏళ్ల తరబడి నలిగి నలిగి 2010లో పిట్స్‌బర్గ్ తరఫున మొదటి మ్యాచ్ ఆడేసరికి 30 ఏళ్లు.

జవాబు: మన వికెట్ కీపర్‌తో పోల్చకండి. క్యాచర్ బంతి బంతికీ గొంతుక్కూర్చోవాలి, ఏ బంతి వేయాలో పిచర్‌కి (బంతి విసిరేవాడికి) చెప్పాలి, క్రాట్జ్ ఆడిన రోజుల్లో అయితే తొడల మధ్య వేళ్లతో సైగ చేసేవాళ్లు, బ్యాట్‌కి తగిలి పక్కకి లేచిన బంతి మాస్కు మీద ఠంగున తగిలినా మళ్లీ కూర్చోవాలి. మోకాళ్లు ఏం కాను? అందుకే ప్రతి టీముకీ రెండో క్యాచర్ కావాలి. ఒకడికి దెబ్బ తగిలితే ఫోన్ వెళ్లేది ఇలాంటివాళ్లకే.

జవాబు: 2018 ఎవరూ చెప్పరేం? మేలో న్యూయార్క్ యాంకీస్ టీము నుంచి మిల్వాకీ టీముకి వచ్చాడు. 38 ఏళ్లకి ప్లేఆఫ్స్‌లో (సీజన్ చివర్లో జరిగే నాకౌట్ పోటీలు) తొలిసారి గ్రౌండ్‌లోకి దిగి, కొలరాడో మీద సిరీస్‌లో 8 ప్రయత్నాల్లో 5 హిట్లు (బంతి కొట్టి బేస్ చేరడం), అంటే 8కి 5!

ప్రశ్న అడిగినవాణ్ని: 8కి 5 ఆ? సరే, నా మాట వెనక్కి.