నలుపు తెలుపు ఫ్రేముల చిత్రంలో రంగులు ఎక్కడివి?

ప్రశ్న (పీజీ విద్యార్థి, హనుమకొండ):
మా కళాశాల సైన్స్ క్లబ్ కోసం కథ, పాత్రలు, మాటలు ఏవీ లేకుండా, పూర్తిగా నల్లని, పూర్తిగా తెల్లని ఫ్రేములను మాత్రమే రకరకాల వరుసల్లో పేర్చి ఒక చిన్న చిత్రం తయారుచేశాము. చీకటి గదిలో ప్రొజెక్టర్ మీద వేసినప్పుడు ఒకరికి ఊదారంగు గళ్లు, మరొకరికి గుండ్రంగా తిరిగే ఆకుపచ్చ చారలు కనిపించాయి. ఫైలులో లేని రంగు ఎక్కడి నుంచి వస్తున్నది? దీన్ని సినిమా అనాలా, ప్రయోగం అనాలా?

జవాబు 1 (విశ్రాంత భౌతికశాస్త్ర అధ్యాపకుడు, వరంగల్):
అది మీ దృష్టి వ్యవస్థలో పుడుతున్న రంగు. కాజీపేట రైల్లో కిటికీ పక్కన కళ్లు మూసుకొని కూర్చున్నప్పుడు, చెట్ల సందుల్లోంచి ఎండ రెప్పల మీద పడుతూ ఆగుతూ ఉంటే, గళ్లు, చారలు కదలడం చాలామంది గమనించే ఉంటారు. చెక్ శాస్త్రవేత్త పుర్కిన్యే రెండు వందల ఏళ్ల కిందటే ఇటువంటి ఆకారాలను వర్ణించి, బొమ్మలుగా గీసి పెట్టాడు. 1895లో ఇంగ్లండుకు చెందిన బెన్‌హామ్ అమ్మకానికి తెచ్చిన నలుపు తెలుపు బొంగరాన్ని తిప్పినా రంగులు కనిపిస్తాయి. దానికి పూర్తి కారణం మీద నేటికీ ఏకాభిప్రాయం లేదు. హార్వర్డ్‌లో గణితం చదివిన టోనీ కాన్రాడ్ 1966లో ఇటువంటి ఫ్రేములతోనే దాదాపు అరగంట చిత్రం తీశాడు. కనుక సినిమానా, ప్రయోగమా అన్న తగవులోకి మీరు దిగనక్కరలేదు.

జవాబు 2 (వీడియో ఎడిటర్, కరీంనగర్):
సార్ చెప్పినది నిజమే కాని, ముందు యంత్రాన్ని అనుమానించాలి. మీది డీఎల్‌పీ ప్రొజెక్టర్ అయితే, అటువంటి వాటిలో చాలావరకు లోపల రంగుల చక్రం తిరుగుతూ ఎరుపు, ఆకుపచ్చ, నీలం వెలుగులను ఒకదాని తర్వాత ఒకటిగా తెర మీదికి పంపుతుంది. చూపు చటుక్కున పక్కకు కదిలితే తెల్లని అంచు మీద నిజంగానే రంగులు విడివడి కనిపిస్తాయి. అదే ఫైలును, మూడు రంగులనూ ఒకేసారి పంపే ఎల్‌సీడీ ప్రొజెక్టర్ మీద కూడా వేయండి. రెండింటిలోనూ కనిపించే రంగులనే కంటి ఖాతాలో రాసుకోవచ్చు. పైగా సెకనుకు 24 ఫ్రేముల ఫైలును 60 హెర్ట్జ్ (సెకనుకు 60 సార్లు బొమ్మ మార్చే) తెర మీద వేస్తే ఒక ఫ్రేము రెండుసార్లు, తర్వాతిది మూడుసార్లు నిలుస్తుంది కాబట్టి, మీరు అనుకున్న లయ చెడుతుంది.

జవాబు 3 (నర్సింగ్ అధికారి, హనుమకొండ):
సెకనుకు 15 నుంచి 25 మెరుపులు ఫోటోసెన్సిటివ్ ఎపిలెప్సీ (మెరిసే వెలుగు వల్ల వచ్చే మూర్ఛ) ఉన్నవారికి అత్యంత ప్రమాదకరం. మూర్ఛ ఉన్నవారు రాకూడదని తలుపు దగ్గరే పెద్ద అక్షరాలతో రాయండి, లోపల కొంత వెలుతురు ఉంచండి. అయితే ఆ హెచ్చరికలో రంగుల ప్రస్తావన తేవద్దు; రంగులు వస్తాయని ముందే చెబితే లేనివి కూడా చూశామంటారు.

అడిగిన విద్యార్థి:
మాది డీఎల్‌పీ ప్రొజెక్టరే. ఎల్‌సీడీ ప్రొజెక్టర్ పక్క విభాగంలో ఉన్నది, అడుగుతాము. చూసినవాళ్లు ఒకరితో ఒకరు మాట్లాడుకోకముందే విడివిడిగా కాగితం మీద గీయాలని కూడా నిర్ణయించాము. అంచు రంగులు చూపు కదలడం వల్ల వచ్చేవైతే, తెర మధ్యలో ఒక చుక్క పెట్టి దాన్నే చూడమంటే సరిపోతుందా, లేక ఆ చుక్క కూడా ఫలితాన్ని మార్చేస్తుందా?