లంచ్‌ఖుతి గురియానా, గురియా లంచ్‌ఖుతినా?

సందేహం:

మిత్రులందరికీ నమస్కారం. జార్జియా ఫుట్‌బాల్ కింది లీగుల మీద ఒక వ్యాసం రాస్తున్నాను (అమెరికాలోని జార్జియా కాదు, నల్లసముద్రం ఒడ్డునున్న దేశం). అక్కడ ప్రతి క్లబ్బుకీ రెండు మాటల పేరు. గురియా లంచ్‌ఖుతి, దిలా గోరి, మెషఖ్తె త్కిబులి, షుకురా కొబులెతి. ఇందులో ఊరేదో, జట్టేదో చదివేవాడికి ఎలా తెలుస్తుంది? ఇంగ్లీషులో ఉన్నట్టే దించెయ్యనా? ఇంకో చిక్కు కూడా ఉంది. మా ఆవిడ నా రాతప్రతి చూసి "ఎవరికండీ ఈ లంచ్ కుతి?" అని ఒకటే నవ్వు. స్పెల్లింగ్ ఏమైనా మార్చమంటారా?

జవాబు:

మాస్టారూ, స్పెల్లింగ్ మార్చకండి. జార్జియన్‌లో అచ్చులకి హ్రస్వం, దీర్ఘం అన్న తేడా లేదు, కాబట్టి "లాంచ్" అని సాగదీసే పని లేదు. మధ్యలో ఉన్న ఖ మాత్రం మన ఒత్తు ఖ కాదు, ఉర్దూ "ఖబర్"లో గొంతు గీరుకుంటూ వచ్చే ఖ. హైదరాబాదులో పెరిగినవాళ్లకి ఇట్టే పలుకుతుంది. లంచ్ కుతి సంగతి మీరూ మేడంగారూ తేల్చుకోవాల్సిందే.

అసలు ప్రశ్నకి వస్తే, మీరు రాసింది జార్జియన్ వరస కాదు. వాళ్ల పేపర్లలో "లంచ్‌ఖుతిస్ గురియా" అని ఉంటుంది. ముందు ఊరు, దానికి షష్ఠీ విభక్తి "ఇస్", ఆ తర్వాత కొటేషన్ గుర్తుల మధ్య జట్టు పేరు. అలాగే గోరిస్ దిలా, కుతయిసిస్ తోర్పెదో, త్బిలిసిస్ దినామో. జట్టు ముందు, ఊరు వెనక అన్నది సోవియెట్ కాలపు లీగు పట్టికల్లో రష్యన్‌లో రాసిన పద్ధతి. ఇంగ్లీషువాళ్లు దాన్నే పట్టుకున్నారు, మనం ఇంగ్లీషుని పట్టుకున్నాం. తెలుగులో మనకి సహజంగా నోటికొచ్చేది ఊరు ముందుండే వరసే. కాకినాడ కాజా అంటాం గానీ కాజా కాకినాడ అని ఎవరూ అనరు కదా. జార్జియన్‌వాళ్లూ మనలాగే చెబుతుంటే మధ్యలో మాస్కో వరస మనకెందుకు? "లంచ్‌ఖుతి గురియా", "గోరి దిలా" అని రాసెయ్యండి. నిలబడతాయి.

అయితే లంచ్‌ఖుతి దగ్గర ఒక మెలిక ఉంది. గురియా అన్నది జట్టు పేరే కాదు, ఆ ఊరున్న ప్రాంతం పేరు కూడా. పశ్చిమ జార్జియాలో తేయాకు, హేజెల్‌నట్ తోటల సీమ అది. 2014 జనాభా లెక్కల్లో మొత్తం గురియాకి 1,13,000 మంది, లంచ్‌ఖుతి పట్నానికి 7 వేలు కూడా లేరు. అంత చిన్న ఊరు తన జట్టుకి సీమ మొత్తం పేరు పెట్టుకుంది. సీమ పరువంతా ఆ పదకొండు మంది మీద పడిందన్నమాట.

ఆ పరువుని వాళ్లు ఒకసారి ఎక్కడిదాకా మోశారో మీ వ్యాసంలో తప్పకుండా రాయండి. 1986లో సోవియెట్ రెండో శ్రేణి నుంచి పైకొచ్చి, 1987లో సోవియెట్ టాప్ లీగులో ఆడారు. 16 జట్లు, ఒక్కోదానికి 30 మ్యాచ్‌లు. అవతల మాస్కో స్పార్తక్, కీవ్ దినామో, త్బిలిసి దినామో లాంటి ఏనుగులు. ఆఖరి స్థానంలో నిలిచి దిగిపోయారనుకోండి. కానీ వాళ్ల పైమెట్టున 15వ స్థానంలో నిలిచి అదే ఏడాది దిగిపోయింది ఎవరంటే సోవియెట్ సైన్యం వారి జట్టు, మాస్కో ఛెస్కా. 1986లో కలిసి ఎక్కారు, 1987లో కలిసి దిగారు. అప్పుడు సోవియెట్ విదేశాంగ మంత్రిగా ఉన్న షెవర్ద్‌నాద్జే పుట్టింది ఈ లంచ్‌ఖుతి జిల్లాలోని మమతి పల్లెలోనే. ఆటకి సంబంధం లేని సంగతే గానీ, గురియావాళ్ల దగ్గర కూర్చుంటే వినక తప్పదు.

1990లో జార్జియా ఫుట్‌బాల్ సమాఖ్య సోవియెట్ పోటీల నుంచి మొత్తంగా బయటికొచ్చేసి సొంత లీగు పెట్టుకుంది. ఆ ఏడాది మొదటి జార్జియన్ కప్పు గెలిచింది లంచ్‌ఖుతి గురియానే. ఆ తర్వాత కథ ఎక్కడం, దిగడం. పై లీగులో కొన్ని సీజన్లు, కింది లీగుల్లో చాలా సీజన్లు.

ఇంకొకరు:

మంచి సంగతులు చెప్పారు అన్నా. మా అబ్బాయి త్బిలిసిలో ఎంబీబీఎస్ చదువుతున్నాడు, వాడి దగ్గర మెషఖ్తె, దిలా అన్న మాటలు విన్నాను. దిలా అంటే పొద్దున అట కదా. జట్టుకి పొద్దున అని పేరేంటి?

జవాబు:

అవును, దిలా అంటే పొద్దున, ఉదయం. స్టాలిన్ పుట్టిన గోరి పట్నంలో జట్టు పేరు "ఉదయం". 2015లో దేశ ఛాంపియన్లు కూడా అయ్యారు. జార్జియా క్లబ్బుల పేర్లు వరసగా చదువుకుంటూ పోతే ఆ దేశం నూరేళ్ల చరిత్ర కళ్లముందు తిరుగుతుంది.

కొన్ని పేర్లు సోవియెట్ క్రీడాసంఘాలవి. దినామో అంటే 1923లో పుట్టిన పోలీసు, భద్రతా శాఖల సంఘం. లొకోమొతివి రైల్వేవాళ్లది. నల్లసముద్రపు రేవులకి రైళ్లు చీలే జంక్షన్ సంత్రెదియాలో జట్టుకి చాలాకాలం ఆ పేరే ఉండేది. తోర్పెదో మోటారు కార్ఖానాలవాళ్లది, లారీలు చేసిన కుతయిసిలో అది దొరకడం వింతేం కాదు. ఉక్కు ఊరు రుస్తవిలో మెతలుర్గి.

నాకు బాగా నచ్చేది గని కార్మికుల జంట. త్కిబులి బొగ్గు ఊరు, అక్కడి జట్టు మెషఖ్తె. ఛియతురా మాంగనీసు ఊరు, ఒకప్పుడు ప్రపంచానికి కావలసిన మాంగనీసులో దాదాపు సగం ఇక్కడినుంచే వెళ్లింది. అక్కడి జట్టు మఘరొయెలి. రెండింటికీ అర్థం ఒకటే, గనిలో పనిచేసేవాడు. మెషఖ్తెలో ఉన్నది రష్యన్ "షాఖ్తా", ముందు "మె", వెనక "ఎ" తగిలించి జార్జియన్ చేసుకున్నారు. మఘరొయెలి జార్జియన్ "మఘరో" నుంచి వచ్చింది. ఒక కొండసీమ, ఒకే పని, రెండు భాషల పేర్లు.

ఇక పిట్టలు, గుర్రాలు, దీపాలు. ఒజుర్గెతి జట్టు మెర్త్స్‌ఖలి, అంటే స్వాలో పిట్ట, మనవైపు కొందరు వానకోవెల అంటారే అది. ఆ ఊరికి సోవియెట్ కాలంలో ఒక బోల్షివిక్ నాయకుడి పేరు మీద మఖరద్జె అని పేరు పెట్టి, 1989లో మళ్లీ ఒజుర్గెతి చేశారు. ఊరు పేరు పోయి వచ్చింది, పిట్ట మాత్రం అలాగే ఉంది. మర్త్విలి జట్టు మెరని, అంటే జార్జియన్ కవిత్వంలోని రెక్కల గుర్రం. సముద్రతీరాన ఉన్న కొబులెతి జట్టు షుకురా, లైట్‌హౌస్. బొల్నిసి జట్టు సియోని, ఆ ఊళ్లోని 5వ శతాబ్దపు చర్చి పేరు. జార్జియాలో దొరికిన అతి పాత జార్జియన్ శాసనాల్లో కొన్ని ఆ చర్చి గోడల మీదే ఉన్నాయి. ఆ పేరు పెట్టుకున్న జట్టు 2006లో ఛాంపియన్.

1990లో పేర్లు మార్చే గాలి కూడా వీచింది. త్బిలిసి దినామో అంతటి జట్టు, 1981లో యూరప్ కప్ విన్నర్స్ కప్పు గెలిచిన జట్టు, తన పేరు తీసేసి "ఇబెరియా" అని పెట్టుకుంది. తూర్పు జార్జియా పురాతన రాజ్యం పేరది. రెండేళ్లు తిరిగేసరికి మళ్లీ దినామో అయిపోయింది. పోలీసు సంఘం మీద ప్రేమ కాదు, ఆ పేరుతో గెలిచిన కప్పుల మీద ప్రేమ.

హైదరాబాదు నుంచి ఒక సభ్యుడు:

దినామో అంటే పోలీసు జట్టా! అయితే మన హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టుకి దూరపు చుట్టమే. రహీం సాబ్ కోచింగ్‌లో 1950 నుంచి 54 దాకా వరసగా ఐదుసార్లు రోవర్స్ కప్ కొట్టారు మనవాళ్లు. కాకపోతే మనం పోలీసుని పోలీసనే పిలిచాం. ఒక అనుమానం. లొకోమొతివి, మెతలుర్గి, అన్నిటి చివరా ఆ "ఇ" ఏంటి? స్త్రీలింగమా?

జవాబు:

భాయ్, జార్జియన్‌లో లింగమే లేదు. ఆయన, ఆమె, అది, అన్నిటికీ ఒకే సర్వనామం. ఆ "ఇ" ప్రథమా విభక్తి ప్రత్యయం. మన చిన్నప్పటి "డు ము వు లు" అనుకోండి. హల్లుతో ముగిసే ఏ మాట దిగుమతైనా దాని చివర ఇ తగిలిస్తారు. క్లబ్ "క్లుబి", మ్యాచ్ "మత్చి", స్టేడియం "స్తదియోని", గోల్ "గోలి". బెక్‌హమ్‌ని కూడా వదల్లేదు, "బెక్‌హెమి" చేశారు. మనం క్లబ్బు, గోలు, బస్సు అన్నట్టే. మనకి ఉ, వాళ్లకి ఇ.

మరో సభ్యురాలు:

అన్నయ్యా, అక్కడ కొంచెం ఆగండి. మన ఉ విభక్తి కాదు కదా. పలకడానికి వీలుగా చేర్చుకునే అచ్చు. బస్సుకి, బస్సులో అన్నప్పుడూ ఉ ఉండిపోతోంది చూడండి.

జవాబు:

నిజమే అమ్మా, నేనన్నది చెవికి వినిపించే పోలిక. వాళ్ల ఇ విభక్తి మారగానే పోతుంది. క్లుబి అన్నది కర్తగా "గోలు కొట్టింది" అనాల్సినచోట "క్లుబ్మా" అవుతుంది. భూతకాలపు సకర్మక క్రియ వస్తే కర్తకి ఇంకో ప్రత్యయం పెట్టడం వాళ్ల వ్యాకరణంలో ప్రత్యేకత. గురియా లాగా అచ్చుతో ముగిసే పేరైతే ఉత్త "మ్" చాలు. "లంచ్‌ఖుతిస్ గురియమ్ గోలి గయితనా" అంటే లంచ్‌ఖుతి గురియా గోలు కొట్టింది. పదాల వరస చూడండి, ఊరు, జట్టు, గోలు, క్రియ. ఒక్క మాట కూడా అటూ ఇటూ జరపకుండా తెలుగైపోయింది.

మీకు నచ్చే సంగతి ఇంకొకటి ఉంది. మనకి మహత్తు, అమహత్తు ఉన్నట్టు, వాళ్ల విశేషణాల్లోనూ కొన్నిచోట్ల ఆ తేడా కనిపిస్తుంది. జార్జియన్ మనిషి అయితే "కర్త్వెలి", జార్జియన్ వస్తువో భాషో అయితే "కర్తులి". అందుకే ఆటగాడు కర్త్వెలి, ఆట కర్తులి.

మొదట అడిగినవారు:

ఇంత ఉందనుకోలేదు. ఒక్కటి అడిగి వదిలేస్తాను. ఫుట్‌బాల్‌ని వాళ్లు రష్యన్‌లా "ఫుత్‌బోల్" అంటారా?

జవాబు:

అనరు. "ఫెఖ్‌బుర్తి" అంటారు. ఫెఖి అంటే కాలు, బుర్తి అంటే బంతి. చేత్తో ఆడేది ఖెల్‌బుర్తి, బుట్టలో వేసేది కలత్‌బుర్తి, ఎగరేసేది ఫ్రెన్‌బుర్తి అంటే వాలీబాల్, గుర్రమెక్కి ఆడేది త్స్ఖెన్‌బుర్తి అంటే పోలో. మన గ్రూపులో "పాదకందుకం" అని ఎవరైనా అంటే నలుగురు నవ్వే స్మైలీలు పెడతారు. అక్కడ ఊరి పిల్లలు కూడా ఫెఖ్‌బుర్తి అనే అంటారు. తేడా ఎక్కడుందంటే, వాళ్లు వాడింది వీధిలో వాడే బుర్తి. మనం నిఘంటువులోంచి కందుకం తీశాం. బంతితో ఏదైనా కట్టి ఉంటే బతికేదేమో.

ఆ బుర్తి అన్న మాట గురియాలో మరీ పాతది. లంచ్‌ఖుతి జిల్లాలోనే షుఖుతి అని ఒక పల్లె ఉంది. ఏటా ఈస్టర్ రోజున ఎగువ షుఖుతి, దిగువ షుఖుతి వాళ్లు "లెలో బుర్తి" ఆడతారు. తోలుబంతిలో మట్టి, రంపపు పొట్టు కూరి వైను పోసి కుడతారు, బరువు సుమారు 16 కిలోలు. చర్చి ఫాదరు దీవించి ఇస్తాడు. ఇంతమందే ఆడాలని లేదు, ఇంతసేపే అని లేదు. రెండు వాగులు రెండు హద్దులు, బంతిని తమ వాగు దాటించినవాళ్లు గెలిచినట్టు. గెలిచినవాళ్లు ఆ బంతిని తీసుకెళ్లి, చనిపోయిన తమవాళ్లలో ఒకరి సమాధి మీద పెడతారు. జార్జియావాళ్లు రగ్బీలో "ట్రై"ని ఇప్పటికీ లెలో అంటారు, రగ్బీ జాతీయ జట్టుకి "లెలోస్" అన్న ముద్దుపేరూ అక్కడిదే. చెక్కు చెదరని ఆ బంతిమోతలు చూస్తూ పెరిగిన జిల్లా నుంచే 1987లో టాప్ లీగుకి జట్టు వెళ్లింది. మీ వ్యాసంలో షుఖుతికి ఒక పేరా ఇవ్వండి, స్కోరు పట్టికలు కొన్ని తగ్గినా ఫర్వాలేదు.

ఎంబీబీఎస్ అబ్బాయి తండ్రిగారు:

మావాడుండే ఏరియా పేరు సబుర్తలో. అందులోనూ బుర్తి ఉన్నట్టుందే?

జవాబు:

ఉంది సార్. స-బుర్త్-అల్-ఓ, బంతి ఆడే చోటు. "స", "ఓ" ముందూ వెనకా తగిలిస్తే చోటుపేరు అవుతుంది, జార్జియా అసలు పేరు స-కర్త్వెల్-ఓ కూడా అలా కట్టిందే. ఒకప్పుడు అక్కడ గుర్రాల మీద బంతాట ఆడే మైదానం ఉండేదట. ఆ పేటలోనే 1999లో సబుర్తలో అన్న ఫుట్‌బాల్ క్లబ్బు పెట్టారు, 2018లో దేశ ఛాంపియన్ అయింది. బంతాట మైదానం అని అర్థం వచ్చే పేరు ఏ ఫుట్‌బాల్ క్లబ్బుకైనా దొరుకుతుందా? వాళ్లకి దొరికింది, ఈమధ్యనే తీసి పక్కన పెట్టి "ఇబెరియా 1999" అని మార్చుకున్నారు.