వేట నిషేధంపై లఘుచిత్రం: బంధనాన్ని తెరపై ఎలా చూపాలి?

సముద్రపు అంచు:
విశాఖ ఫిషింగ్ హార్బర్‌లో పన్నెండు నిమిషాల లఘుచిత్రం తీస్తున్నాను. ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు, 61 రోజులపాటు సముద్రంలో చేపల వేటపై నిషేధం ఉన్నందున మరపడవలు (ఇంజను పడవలు) జెట్టీ దగ్గర కట్టి ఉంటాయి. ఎదురుగా సముద్రం కనిపిస్తున్నా వేటకు వెళ్లలేని ఒక యువ కళాసీ (పడవ మీద పనిచేసే కూలి) కథ ఇది. స్వేచ్ఛకు ఎగిరే పక్షి, బంధనానికి కిటికీ ఊచలు అన్న వాడుకను పూర్తిగా వదిలేయాలని నా పట్టుదల. ఇటువంటి ప్రయత్నం చేసినవారు అనుభవాలు చెప్పగలరు.

ధ్వని పెట్టె:
భీమిలిలో ఒక అద్దెగదిలో మేము తీసిన చిత్రంలో అమ్మాయి గుమ్మం దాటి వెళ్లినా కెమెరాను గదిలోనే ఉంచాం. అలల చప్పుడు వినిపిస్తుంది గానీ సముద్రం ఒక్కసారి కూడా కనబడదు. మొదటి కూర్పులో చివర తీరాన్ని చూపించి, తరువాత తీసేశాం. తీసేశాకే సముద్రం పెద్దదిగా అనిపించింది.

జాలరి ఇంటి బిడ్డ:
అండీ, ఒక్క విషయం మనవి చేస్తాను. ఈ నిషేధం చేపలు గుడ్లు పెట్టే కాలాన్ని కాపాడటానికి పెట్టినది. ఇంజను ఉన్న పడవలకే వర్తిస్తుంది, మోటారు లేని తెప్పలకు మినహాయింపు ఉంది. మా ఇంట్లో ఆ రోజుల్లో మరపడవ కళాసీ అయిన నాన్న ఒడ్డున కూర్చుని వలలు బాగుచేస్తుంటే, తాత తెల్లవారకముందే తెప్ప వేసుకుని వెళ్లేవారు. ఇంకొకటి, అసలైనది: వేటకు వెళ్లిన నాన్న రోజుల తరబడి పడవలోని ఆ కొద్దిపాటి బల్లల మీదే తిని, అక్కడే పడుకునేవారు. ఆయన కాళ్లు చాపుకుని నిద్రపోగా మేము చూసింది నిషేధపు రోజుల్లోనే. మీ కళాసీకి సముద్రమే స్వేచ్ఛ అని ముందే తీర్మానించకండి.

మోకు:
పక్కనే నౌకాదళ ప్రాంతం ఉంది కనుక అనుమతి లేకుండా డ్రోన్ ఎగరేయవద్దు. నేల మీద నుంచి మోకును, అంటే పడవను కట్టే లావు తాడును, దగ్గరగా తీయండి. కట్టేసిన పడవ కూడా అలకు కదులుతుంది, మోకు బిగిసి మళ్లీ వదులవుతుంది.

సముద్రపు అంచు:
జాలరి ఇంటి బిడ్డ గారూ, నా ముగింపు మారింది. నిషేధం ముగిసి పడవ బయలుదేరడాన్ని విడుదలగా రాసుకున్నాను. ఇప్పుడు కెమెరా జెట్టీ మీదే, అతని తల్లి పక్కన నిలబడుతుంది. మీ నాన్నగారు అంగీకరిస్తే, ఆయన వల బాగుచేసే తీరును ఒక ఉదయం వచ్చి చూడాలని ఉంది.