మూడు రోజుల కుక్కపిల్లలు: బల్బు పెట్టినా ఒకటి చల్లబడింది

ప్రశ్న:
మా చిట్టి ఆదివారం రాత్రి ఐదు పిల్లల్ని పెట్టింది. పెద్ద అట్టపెట్టెలో దుప్పటి పరిచి పైన 100 వాట్ల బల్బు వేలాడదీశాను. కుయ్యిమంటున్నాయని నిన్న ఇంకో జానెడు కిందికి దించాను. అప్పట్నుంచి నాలుగు పిల్లలు తలో మూలకీ పాకిపోయి పడుకుంటున్నాయి. చిట్టి రొప్పుతూ, పాలిచ్చీ ఇవ్వకముందే లేచి బయటికొచ్చేస్తోంది. ఐదోది, అన్నిటికన్నా చిన్నది, ముట్టుకుంటే చల్లగా ఉంది. బల్బు తీసెయ్యాలా, ఇంకా దించాలా? చిన్నదానికి సిరంజితో పాలు పడదామని వేడిచేస్తున్నాను. రెండు రాత్రులుగా నిద్ర లేదు, ఒకటే టెన్షన్.

జవాబు:
పాలు ఆపండి ముందు! ఒళ్లు చల్లబడిన పిల్లకి పేగులు కదలవు. ఒంటి వేడి 94 ఫారెన్‌హీట్ కన్నా తగ్గితే పట్టిన పాలు అరగవు, ఊపిరితిత్తుల్లోకి పోయినా పోతాయి. నాకు తెలియక ఒకసారి పట్టాను. ముక్కులోంచి పాల బుడగలొచ్చాయి. ఆ పిల్ల దక్కలేదు.
దాన్ని మీ చొక్కా లోపల ఒంటికి ఆనించి పెట్టుకోండి. రెండు గంటలు పట్టినా పట్టనివ్వండి, వేడినీళ్లలో ముంచడంలాంటివి మాత్రం వద్దు. చిటికెన వేలు నోట్లో పెడితే లోపల వెచ్చగా తగిలి, వేలు చప్పరించాలి. అప్పుడు తల్లి దగ్గర పెట్టండి. గంటకి కూడా కదలిక రాకపోతే డాక్టరు దగ్గరికి తీసుకెళ్లండి.

జవాబు:
చిన్నదాని సంగతి పైన చెప్పారు. మిగతా నాలుగూ వేడికి తాళలేక పారిపోతున్నాయండీ. చలేస్తే ఒకదాని మీదొకటి కుప్పగా పడి ఏడుస్తాయి, ఉడుకుతుంటే ఇలా విడివిడిగా పోతాయి. బల్బు తీసెయ్యొద్దు, పైకి లేపి పెట్టెకి ఒక చివరికి జరపండి. రెండో చివర చల్లగా ఉంటే వాటికి కావలసిన చోటుకి అవే పాకుతాయి. ఈ వయసులో వాటికి వణుకు కూడా రాదు, సొంతంగా వేడి పుట్టించుకోలేవు. పిల్లలు పడుకునే ఎత్తులో థర్మామీటర్ పెట్టి చూడండి. మొదటి వారం వెచ్చటి వైపు 29 నుంచి 32 సెల్సియస్ చాలు, నాలుగో వారానికల్లా మెల్లగా 26కి తేవచ్చు.
అన్నట్టు బల్బుని దేనికి కట్టారు? వైరు మీదే వేలాడుతుంటే ఇప్పుడే గొలుసుకి మార్చండి. కింద ఉన్నది అట్టా, గుడ్డా.

అడిగినవారు:
వైరు మీదే ఉంది, మార్చేశాను. గోడ మీదున్నది 27 చూపిస్తుంటే పెట్టె అడుగున 36 ఉంది! మరి అంత వేడిలో ఇది ఎలా చల్లబడిందా అని దుప్పటి ఎత్తి చూశాను. అది పడుకున్న మూల మడతంతా తడి. ఇప్పుడు గంటన్నరగా నా చొక్కాలోనే ఉంది, ఇందాక బొత్తాం చీకబోయింది.

జవాబు:
తడి గుడ్డ వేడినంతా లాగేస్తుంది. చల్లారిపోయిన వేడినీళ్ల సీసా కూడా అంతే, చాలామంది పిల్లల పక్కన పెట్టి మర్చిపోతారు. పూటకోసారి గుడ్డ మార్చండి. చిన్నదాన్ని రోజూ ఒకే వేళకి వంటింటి తూకంలో పెట్టి గ్రాములు రాసుకోండి. బరువు పెరగకపోతే ఏడుపు వినపడకముందే తెలిసిపోతుంది.

అడిగినవారు:
చప్పరించింది! చిట్టి దగ్గర పెట్టాను, వెనక చన్ను పట్టుకుంది. తూగితే 210 గ్రాములు. రేపు పొద్దున మళ్లీ తూస్తాను.