ఐదు దేశాల డబ్బు తెచ్చుకున్న నిర్మాత ఇంకా స్వతంత్రుడేనా?

తెరవెనుక:
2024 కాన్ ఉత్సవంలో గ్రాండ్ ప్రి గెలిచిన ‘ఆల్ వి ఇమాజిన్ యాజ్ లైట్’ మన దేశం తరఫున ఆస్కార్‌కు వెళ్లలేదు. ఎంపిక జ్యూరీకి అది ఇండియాలో జరిగే యూరప్ సినిమాలా అనిపించిందట. ముంబయి నర్సుల కథ, మాటలు మలయాళం, హిందీ. డబ్బు మాత్రం ఫ్రాన్స్, నెదర్లాండ్స్, లక్సెంబర్గ్, ఇటలీల నుంచి కూడా వచ్చింది. జ్యూరీ మాట నాకు నచ్చలేదు. కానీ ఒక అనుమానం వదలడం లేదు. స్టూడియో పెత్తనం వద్దని బయటికొచ్చిన నిర్మాత ఇన్ని దేశాల ఫండ్ల (సినిమాలకు సాయంగా ఇచ్చే నిధుల) చుట్టూ తిరిగేసరికి, వాళ్లకు నచ్చే కథలే ఎంచుకోడా? ఎంచుకుంటాడనే నా వాదన.

పాతరీలు:
ఒప్పుకోనండీ. బయటి డబ్బు కొత్తదేం కాదు. నిర్మాత ఇస్మాయిల్ మర్చంట్ 1961లో దర్శకుడు జేమ్స్ ఐవరీతో కలిసి కంపెనీ పెట్టారు. వాళ్ల మొదటి కథాచిత్రం ‘ది హౌస్‌హోల్డర్’ (1963)ను హాలీవుడ్ స్టూడియో కొలంబియా కొన్నది ఏ డబ్బుతో తెలుసా? ఇండియా దాటించే వీల్లేక ఇక్కడే ఆగిపోయిన తన రూపాయలతో. ఎక్కడో ఇరుక్కున్న డబ్బును పసిగట్టి సినిమా దాకా తీసుకురావడమే ఈ వృత్తి. బ్రిటిష్ నిర్మాత జెరెమీ థామస్ హాలీవుడ్ స్టూడియో మీద ఆధారపడకుండా ‘ది లాస్ట్ ఎంపరర్’ (1987)కు డబ్బు కూడగట్టారు, తొమ్మిది ఆస్కార్లు వచ్చాయి. డబ్బిచ్చినవాళ్ల ముద్ర అందులో ఎక్కడుందో చూపించండి.

తెరవెనుక:
వాళ్లిద్దరూ ఉద్దండులు. మొదటి సినిమా తీసేవాళ్ల సంగతి చెప్పండి. 2017లో సవరించిన యూరప్ సహనిర్మాణ ఒప్పందం, మూడు దేశాలో అంతకు మించో కలిసే సినిమాల్లో ఒక్కో నిర్మాత పెట్టాల్సిన కనీస వాటాను 10 శాతం నుంచి 5 శాతానికి దించింది. చిన్న వాటాదారులు పెరిగేకొద్దీ షరతులూ పెరుగుతాయి కదా.

మిక్సింగ్ గది:
నేను చూసింది చెప్తాను. రెండు దేశాలు కలిసి తీసిన ఒక మొదటి సినిమాకు పోస్ట్ ప్రొడక్షన్ చూసుకున్నాను. కథ జోలికి ఎవరూ రాలేదు, ఒక్క డైలాగు మార్చమనలేదు. మమ్మల్ని ఇబ్బంది పెట్టింది ఖర్చు షరతు. చాలా ఫండ్లు ఇచ్చిన సొమ్ములో ఇంత మా దేశంలోనే ఖర్చు పెట్టాలంటాయి. వాళ్ల ప్రజల డబ్బు, వాళ్ల టెక్నీషియన్లకు పని దొరకాలి, అందులో తప్పేం లేదు. అలా మా సౌండ్ మిక్సింగ్ అక్కడికి వెళ్లింది. లొకేషన్‌లో సౌండ్ రికార్డు చేసిన కుర్రాడికి టికెట్ కొనే బడ్జెట్ లేదు.

తల్లి పోయిన పదకొండో రోజు సీను. పిట్టగోడ మీద ఒకే కాకి, ఆగి ఆగి అరుస్తుంది. ఆ అరుపు కోసం మావాడు రెండు తెల్లవారుజాములు గోడ పక్కన కూర్చున్నాడు. అక్కడి మిక్సర్ మంచి పనిమంతుడే. అడ్డొస్తోందనుకుని శుభ్రంగా తీసేశాడు. ఆ రోజున కాకి అంటే మనకేమిటో అతనికెలా తెలుస్తుంది? వీడియో కాల్‌లో సీను చూసి నాకు నోట మాట రాలేదు. ఆ రాత్రే నిర్మాత తన ఫీజులోంచి తీసి మావాడికి టికెట్ కొన్నారు. మూడో రోజుకు కాకి తిరిగొచ్చింది.

పాతరీలు:
చదువుతుంటే గుండె పట్టేసింది. ఆ మార్పు చేయించే హక్కు కాగితం మీద ఉందా, లేక బతిమాలుకున్నారా?

మిక్సింగ్ గది:
ఉందండీ. ఫైనల్ కట్, అంటే సినిమా చివరి రూపం మీద ఆఖరి మాట, మా డైరెక్టర్‌దీ నిర్మాతదీ అని ఒప్పందంలో మొదటే రాయించుకున్నారు. అది లేకపోతే ఆ టికెట్ కొన్నా లాభం లేదు. అందుకే ‘తెరవెనుక’ గారూ, ఎన్ని దేశాలు కలిశాయన్న లెక్కకంటే ఆ ఒక్క వాక్యం ఎవరి పేరు మీద ఉందో చూడమంటాను.

ఇక ఆ ఫీజు సంగతి. వసూళ్లు కలెక్షన్ అకౌంట్‌లో (అందరి వాటాలూ పంచే ఉమ్మడి ఖాతాలో) పడగానే, సినిమాను దేశదేశాల్లో అమ్మిపెట్టే సేల్స్ ఏజెంట్ తన కమీషన్, ఖర్చులు తీసుకుంటాడు. తర్వాత పెట్టుబడి పెట్టినవాళ్లు. నిర్మాత వాయిదా వేసుకున్న ఫీజు వంతు ఆ తర్వాతే. మా సినిమాలో ఆ వంతు ఇంకా రాలేదు. చేతిలో డబ్బు లేకుండా రెండో సినిమాకు కూర్చుంటే ఎంత మొండివాడైనా వచ్చిన షరతుకల్లా తలూపుతాడు. మీ భయం అక్కడ నిజం, అది నేనూ ఒప్పుకుంటాను.

తెరవెనుక:
మరి ఆయన ఇప్పుడేం చేస్తున్నారు?

మిక్సింగ్ గది:
రెండో సినిమాకు సహనిర్మాత కోసం వెతుకుతున్నారు. మొన్న బడ్జెట్ షీట్ పంపారు. మొదటి వరుసలో ఉన్నది సౌండ్ రికార్డిస్ట్‌కు రానుపోను విమానం టికెట్.